డెల్ఫీనా నాలుగో పాట

కొలంబియాలోని కాలీ నగరంలో ఆదివారం మధ్యాహ్నం, సాల్సా నాట్యం ఆడే హాల్లో రికార్డులు వేసేవాడితో ఒకావిడ మాట్లాడుతుంటే పక్కనే నిలబడి విన్నాను. ఒక్క ముక్క కూడా కల్పించలేదు.

"తమ్ముడూ, ఆ డెల్ఫీనా రికార్డు తీసెయ్."

"ఎందుకక్కా? ముప్పయ్యేళ్ళ పాత రికార్డు, అయినా హాలంతా ఊగిపోతోంది!"

"నాలుగో పాట మొదలైంది. పోయిన నెల యూసేబియో దీనికే ఆడుతూ కుప్పకూలాడు, మొన్న ఒతోనియెల్. ఇద్దరూ మళ్ళీ లేవలేదు. ఇప్పుడు ఆడుతోంది మా ఆయన."

"మధ్యలో ముల్లు ఎత్తితే ఈ ఊళ్ళో నన్ను బతకనిస్తారా?"

"అయితే నెమ్మదిగా తిప్పు. మనూళ్ళో అన్నీ వేగం పెంచి వేస్తాంగా, ఆ వేగానికే గుండెలు ఆగిపోతున్నాయి. ఆవిడ పాడిన వేగంలోనే వెయ్యి."

"సరే, తగ్గించా. చూడు, అందరూ నన్ను తిట్టుకుంటూ కూర్చుంటున్నారు."

"నేను అటు చూడలేను. మా ఆయన?"

"ఆడుతున్నాడు. నవ్వుతున్నాడు కూడా."

"ఒక్కడేనా?"

"లేదక్కా, ఎవరో పసుపు గౌనావిడతో. వేగం తగ్గాకే వచ్చింది."

"పసుపు గౌనా? రికార్డు అట్ట మీది ఫొటోలో కుర్చీలో కూర్చున్న డెల్ఫీనాదీ అదే గౌను కదరా! ఆవిడ పోయి ఇరవయ్యేళ్ళయింది. ఏదీ, ఆ అట్ట ఇలా ఇవ్వు."

"ఇదిగో... అక్కా, దీని మీద ఉత్త కుర్చీయే ఉంది."