పదితో భాగించుకోండి

"నిజం రాస్తే ఎవరూ చూడరని ఎవడయ్యా అన్నది? డేటింగ్ యాప్‌లో నేను రాసుకున్నవి మూడే ముక్కలు. నలభై రెండేళ్లు, లిఫ్టు మెకానిక్‌ని, బట్టతల. ఫోటో కూడా టోపీ తీసేసి, చేతులకి గ్రీజుతోనే దిగాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"ఎవరూ పలకలేదు," అన్నాడు టీ కొట్టాయన గ్లాసులు కడుగుతూ.

"పలక్కపోవడమా! గంటలో నలభై మెసేజీలు, సాయంత్రానికి నాలుగు వేలు! ఫోను ఎంత వేడెక్కిపోయిందంటే దాని మీద గిన్నె పెట్టి టీ కాచుకున్నాను."

మా అన్నయ్య చెబుతుంటే కోతలని తెలిసినా వినబుద్ధేస్తుంది.

"మరి ఐదింటికి ఇక్కడికొస్తానన్న ఆవిడేది? ఐదున్నరయింది," అన్నాడు పక్క కొట్టు దర్జీ.

అన్నయ్య వీధి చివరిదాకా చూశాడు. చేతిలో టీ ఎప్పుడో చల్లారిపోయింది. గొంతు మాత్రం పెంచాడు.

"వస్తుందిలేవయ్యా! విను. మూడో రోజుకి లక్ష. ఆ కంపెనీ ఓనరు మా ఇంటికొచ్చి, 'అన్నా, నీ నిజాయితీకి మా మెషిన్లు ఆగిపోతున్నాయి, ఒక్క అబద్ధం రాయి, కనీసం నాలుగు వెంట్రుకలు పెట్టు' అని బతిమాలాడు. చచ్చినా పెట్టనన్నాను. వాడెంత ఏడ్చాడంటే, కన్నీళ్లు మా బిల్డింగు లిఫ్టు గుంటలోకి దిగితే, రెండ్రోజులు మోటారు పెట్టి తోడాను!"

"పదితో భాగించినా ఎక్కువేనండీ."

బెంచీ చివర, ఒళ్లో హెల్మెట్ పెట్టుకుని ఇందాకట్నుంచీ టీ తాగుతున్న ఒకావిడ అంది.

"మీ ప్రొఫైల్లో నాలుగో ముక్క కూడా ఉంది. 'కోతలు బాగా కోస్తాను, ఏం చెప్పినా పదితో భాగించుకోండి' అని. నేను మెసేజ్ పెడితే, 'ఏడాదిలో నాకొచ్చింది ఇదొక్కటే' అని జవాబిచ్చారు. అంత నిజం ఒప్పుకునే మనిషిని నేనెక్కడా చూళ్లేదు. అందుకే ముందే వచ్చి కూర్చున్నాను."

అన్నయ్య గిరుక్కున ఆవిడ వైపు తిరిగాడు. "మీరా? ఫోటోలో..."

"అది పదేళ్ల కిందటిది." ఆవిడ తల దించుకుంది. "అబద్ధమాడింది నేనేనండీ. మీరు గుర్తుపట్టకపోయేసరికి చెప్పడానికి ధైర్యం చాల్లేదు. వెళ్లిపోమంటారా?"

అన్నయ్య చల్లటి టీ గటగటా తాగేసి, వెళ్లి ఆవిడ ముందు నిలబడ్డాడు.

"వెళ్లడమేంటండీ! ఏమయ్యా, రెండు వేడి టీలు పట్రా. చూశారా అందరూ? లక్షమందిలో ఏరి ఏరి ఈవిణ్నే ఎంచుకున్నాను!"

"ఉన్నది నేనొక్కదాన్నేగా," అంటూ ఆవిడ పక్కకి జరిగి, బెంచీ మీద చోటిచ్చింది.