ఎస్సై గారి చరణం

బిట్రగుంట రైల్వే స్టేషన్ ఎదురుగా టీ కొట్టు బల్ల మీద బుర్రకథ చెప్పే అక్క, ఆమెకు వంత పాడే తమ్ముడు కూర్చున్నారు. నిన్న బోగోలులో పోలీసులు వాళ్ళ కథ ఆపించారు. అయినా అక్కకు నవ్వు ఆగడం లేదు. చేతిలో టీ తొణుకుతోంది.

"నన్ను తిట్టబాకక్కా. నోటికి అలవాటైపోయింది."

"తిట్టేదేందిరా. మళ్ళీ చెప్పు, వినాల."

"రేవు అమ్మకం మీద మనం కట్టిన పాట పాడితే కేసన్నాడు గదా ఎస్సై. ఏ చరణాలు పాడకూడదో మీరే మైకులో జనానికి చెప్పండి సార్ అని నువ్వు అడిగితివి."

"పాపం, మర్యాదగా మైకు తీసుకున్నాడు."

"'రేవును అమ్మిన దొర ఎవరయ్యా' అని చదివినాడు. నా చెయ్యి డక్కీ మీద పడింది. తందాన తానా అనేసినా."

"జనం కూడా అందుకున్నారు గదరా."

"దాంతో ఆయనకు ఊపొచ్చింది. రెండో చరణం రాగం తీసినాడక్కా."

అక్క కొంగుతో కళ్ళు తుడుచుకుంది.

"నిజంగా కేసు పెడతారంటావా అక్కా?"

"పెట్టనీలేరా. పాడింది ఆయన, సాక్షి ఊరంతా. మనం వంతే గదా."