రెండోసారి ఊపిన చేతులు

"మీ అక్కను చంపింది నీ కెమెరాయే," అన్నాడు బావ, తలుపు తీస్తూనే.

అక్కతో పాటే విమానంలోంచి దూకి, గాలిలో ఆమెను వీడియో తీసిన తమ్ముడు గుమ్మంలోనే ఆగిపోయాడు.

"పారాచూట్‌దే తప్పని అమ్మకు ఒక్క మాట చెప్పు బావా. నువ్వు చెబితే నమ్ముతుంది."

"వీడియో చూశాను. చేతులు రెండూ ఊపింది. అంటే ఏమిటి?"

"పారాచూట్ తెరుస్తున్నాను, పైనుంచి తప్పుకోమని."

"తప్పుకున్నావా?"

"నవ్వుతోంది బావా. ముఖం దగ్గరగా పడుతుందని, ఒక్క క్షణం..."

"మళ్ళీ ఊపింది. తెరిస్తే నీకు చుట్టుకుంటుందని ఆగింది. నేల దగ్గరికొచ్చేదాకా ఆగింది."



"మరి అమ్మకి?"

"నువ్వే చెప్పుకో. నా నోట ఈ కెమెరా మాట ఇక చచ్చేదాకా రాదు."

తలుపు మూసుకుంది.