పటంలో లేని లంక

కొండాపూర్‌లో అతని ఆఫీసు ఎదుటి టీ బండి దగ్గర పిన్ని కూర్చుంది. సముద్రపు ఒడ్డునున్న వాళ్ళ లంక నుంచి బస్సెక్కి నేరుగా ఇక్కడికే వచ్చింది.

"మిలిట్రీ విమానాలు మన లంక మీద బాంబులేయడం ప్రాక్టీసు చేస్తాయంటరా. అందుకే నెల్లాళ్ళుగా పడవలన్నీ అక్కడే లంగరేసి కూర్చున్నాం. మమ్మల్ని చూసి విమానాలు వెనక్కి పోతున్నాయి."

"అమ్మ కూడానా?"

"ముందు పడవ ఆవిడదే. అధికారులేమో లంకలో ఇళ్ళే లేవంటున్నారు. వాళ్ళ మ్యాపులో అంతా ఇసకేనంట. చదువుకున్నోడివి, మన నూటపది గడపలూ కనబడేలా ఓ మ్యాపు గీసిపెట్టు. కోర్టులో ఇస్తాం."

అతను మెడలోని ఆఫీసు కార్డును చొక్కాలోకి తోసేశాడు.

"ఆ మ్యాపు చేసింది మా ఆఫీసే పిన్నీ."

"పోనీలే, మీ వాళ్ళకి తెలీక చేసుంటారు."

"నాకు తెలుసు. ఆ పని నాకే ఇచ్చారు. పాకలు లెక్కలోకి రావు, తీసేయమన్నారు. నేనే చెరిపేశాను."

"మీ ఇల్లు కూడానా?"

"మా ఇల్లు కూడా."

పిన్ని టీ గ్లాసు పక్కన పెట్టేసింది. సిగ్గుతో అతను తలెత్తలేకపోయాడు.

"ఈ మాట కోర్టులో చెబుతావా?" అని ఆమె అడిగింది.

"ఉద్యోగం పోతుంది. పోతే పోనీ, చెబుతాను."

"సరే." పిన్ని తన ఫోను తీసి అతని చేతిలో పెట్టింది. "ఈపాటికి ఆవిడ పడవ ఒడ్డుకొచ్చుంటుంది. ముందు మీ అమ్మకి చెప్పు."