ఎడమ చెవి పక్కన పీట

మెకానిక్ గారి ఎడమ చెవి ఒక పొద్దున ఉన్నట్టుండి మూసుకుపోయింది. డాక్టరు స్టెరాయిడ్ మాత్రలు గట్టి మోతాదులో మొదలుపెట్టారు. అప్పట్నుంచి ఆయనకి నిద్ర లేదు, ఆయన చేతుల నుంచి ఇంట్లో ఏ యంత్రానికీ రక్షణ లేదు. ఇవాళ వాషింగ్ మెషీన్ వంతు వచ్చింది. ఆయన నేల మీద విడిభాగాల మధ్య కూర్చున్నాడు. ఎడమ పక్కన పీటేసుకుని భార్య, గుమ్మంలో అప్పుడే వచ్చిన ఆమె తమ్ముడు.

"అక్కడ నిలబడి మాట్లాడకురా. అది కుడి పక్క. ఆ చెవి పాము చెవి. ఇటు రా."

"ఇటైతే వినపడదా అక్కా?"

"గుసగుసగా అంటే అస్సలు వినపడదు."

"ఏంటి, అక్కాతమ్ముళ్ళ మంతనాలు? ఒరేయ్, ఆ పదమూడో నంబరు స్పానర్ ఇలా ఇవ్వు. ఆ అరటిపళ్ళు కూడా."

"బావా, ఇక్కడ ఇప్పటికే అరడజను తొక్కలున్నాయి."

"లోపల ఎవరో కూర్చుని అడుగుతున్నార్రా. నేనేం చెయ్యను?"

"ఈ మాత్రలకి సుగర్ పెరుగుతుంది, నోరు కట్టుకోమన్నారు కదండీ డాక్టరు గారు."

"అందుకే బిస్కెట్లు మానేశాను."

"ఎప్పుడు?"

"డబ్బా ఖాళీ అయ్యాక."

"అక్కా, బావ జోకేశాడు."

"మాత్రలు మొదలైనప్పట్నుంచి అదే వరస. ఇదివరకు 'ఊఁ' అంటే ఆ రోజుకి అదే మాట. ఇప్పుడు నోటికి తాళం లేదు. నిన్న పక్కింటావిడ మిక్సీ అడిగి మరీ తెచ్చి విప్పేశాడు. పాపం, బాగా తిరిగే మిక్సీ."

"ఇప్పుడు ఇంకా బాగా తిరుగుతుందే."

"అవునండీ, వెనక్కి తిరుగుతోందట."

"పోనీ అక్కా, ఆ మాత్రలు ఆపించెయ్."

"నోర్ముయ్. మెల్లగా మాట్లాడు. ఉన్నట్టుండి ఆపితే ప్రాణం మీదికొస్తుందట. కొంచెం కొంచెంగా తగ్గించుకుంటూ రావాలి. ఇవాళే చెవి పరీక్ష. తిరిగొచ్చిందా, తగ్గించడం మొదలుపెడతారు. రాలేదా…"

"రాకపోతే?"

"చెవి లోపలికి సూది. అదే మందు, కర్ణభేరిలోంచి."

"అమ్మో. బావకి సూదంటేనే… వేలికి సుగర్ చూసినప్పుడు పడిపోయాడుగా."

"పడిపోలేదురా. కూర్చోబోయాడు. కుర్చీ లేదంతే."

"అక్కా, ఈ చెవి రాకపోతే షెడ్డు ఒక్కడినే నడపడం నా వల్ల కాదు. ఒక కారు వచ్చి ఉంది, ఇంజన్లో ఏదో కొట్టుకుంటోంది. నాకు అన్ని మూలల నుంచీ వినపడుతోంది. బావైతే బానెట్ మీదికి వంగి, ఇదిగో ఇక్కడ అనేవాడు. మొన్న ఒంటి చెవితో విని, పక్క కారు బానెట్ ఎత్తాడు."

"నాకు చెప్పలేదే."

"చెప్పొద్దన్నాడు. షెడ్డు వెనక్కెళ్ళి చాలాసేపు రాలేదు. అవును, నీ కళ్ళేంటి నిద్ర లేనట్టు ఎర్రగా ఉన్నాయి?"

"ఎవరితోనూ అననంటే చెప్తా. రాత్రిళ్ళు ఆయన కుడి వైపుకి ఒత్తిగిలి పడుకుంటాడు. ఎడమ చెవి పైకుంటుంది. నేను దాంతో మాట్లాడుతున్నా."

"చెవితోనా?"

"చెవితోనే. వినపడదుగా, భయమేముంది? నువ్వు అనే అంటున్నా. మనిషినైతే మీరు అంటాను గానీ, చెవికేం మర్యాద? ముందు తిట్టా. కొత్త దుప్పటికి గ్రీజు పూసింది నువ్వేనని నాకు తెలుసు అన్నా. తిట్లన్నీ అయిపోయాయి. తర్వాత వేరేవి వచ్చాయి."

"వేరేవంటే?"

"నీకెందుకు? ఇన్నేళ్ళూ మొహం చూసి చెప్పలేనివి. నువ్వంటే నాకెంతో ఇష్టమని. నువ్వు మాట్లాడుతుంటే ఇల్లు బాగుందని. మాత్రలు తగ్గించినా మాటలు తగ్గించకు అని. నవ్వావంటే చంపుతా."

"నవ్వట్లేదు. బావా, స్పానర్ పడేశావేంటి?"

"చెయ్యి వణికింది. ఈ మాత్రలకి వణుకుతుందట."

"కళ్ళలో నీళ్ళేంటి మరి?"

"అవీ మాత్రల వల్లే. ఈ మాత్రలు మామూలువి కావురా."

"చాల్లెండి, లేవండి. టైమైపోతోంది. అక్కడ చెవి మీద ఆ డబ్బాలు పెట్టినప్పుడు ఏం చెయ్యాలో గుర్తుందా? చప్పుడు వినపడితేనే బటన్ నొక్కాలి. పోయినసారి ఊరికే నొక్కుతూ కూర్చున్నారు."

"ఆ పరీక్ష చేసే అమ్మాయి అంతసేపు ఎదురుచూస్తుంటే మొహమాటమేసింది."

"మొహమాటానికి నొక్కితే జబ్బెలా తెలుస్తుందండీ? ఈసారి అలా చెయ్యకండి."

"చెయ్యను. ఈసారి అసలు నొక్కను."

"వినపడినా?"

"వినపడినా."

"బావా, నొక్కకపోతే సూది గుచ్చేస్తారు."

"గుచ్చనీ."

"ఏంటండీ ఆ మాటలు? సూది పేరు చెప్తే కుర్చీ వెతుక్కునే మనిషి. వినపడితే నొక్కడానికేం?"

"నొక్కితే ఈ చెవి బాగైపోయిందని తెలిసిపోతుంది. తెలిస్తే ఇవాళ్టి నుంచి నువ్వు దాంతో మాట్లాడవు."