చచ్చాక తీసే నవ్వు

బ్యాంకాక్ శివార్లలోని అద్దె బంగళాలో సీరియల్ షూటింగ్ ముగిసింది. అక్కడి ఆచారం ప్రకారం శవం చేతిమీద నీళ్లు పోసిన బంధువులంతా వేషాలు విప్పేసి వెళ్లిపోయారు. శవంగా పడుకున్న ముసలి నటి ప్రానోమ్ మాత్రం, నడుము పట్టేసినా సరే, మంచం దిగలేదు. కెమెరామన్ వీరా కెమెరా సర్దేసి పెట్టె మూస్తున్నాడు.

"లేవండి పెద్దమ్మా. వ్యాను బయల్దేరుతోంది."

"నా నవ్వు తియ్యలేదుగా. చచ్చే వేషం వేశాక కెమెరాకేసి నవ్వకపోతే అరిష్టంరా."

"కొత్త డైరెక్టరుకి అలాంటి నమ్మకాల్లేవు. అక్కర్లేదన్నాడు."

"నిజంగా పోతే దెయ్యాన్నై నీ కెమెరాలో కూర్చుంటా."

"కూర్చోండి. దెయ్యాల్లో కూడా మీకు పక్కవేషమే ఇస్తారు."

ఆమెకు నవ్వొచ్చింది గానీ ఆపుకుంది. కెమెరా ముందు తప్ప ఖర్చు చేసేది కాదది.

"నిజం చెప్పనా? ఆ నమ్మకం నాకూ లేదు."

"మరెందుకీ పంతం?"

"నలభై ఏళ్లుగా వంటమనిషిని, ఆయాని, హీరో తల్లిని. ఎప్పుడూ ఎవరో ఒకరి భుజం వెనకే నిలబడ్డా. చావులో కూడా కెమెరా ఏడ్చేవాళ్లనే చూస్తుంది. నన్నొక్కదాన్నే చూసేది ఆ నవ్వప్పుడు. ముప్ఫై ఒక్కసార్లు చచ్చాను, ముప్ఫైసార్లే నవ్వాను."

"అవి ఎవరూ దాచరు పెద్దమ్మా. ఎడిటింగులో చెరిపేస్తారు."

"తెలుసు. చూపించమన్నానా? తియ్యమన్నాను."

బయట వ్యాను హారన్ మోగింది. వీరా పెట్టె మళ్లీ తెరిచాడు.

"సరే, త్వరగా నవ్వండి."

"త్వరగా చావమన్నారు, చచ్చాను. ఇది మాత్రం నెమ్మదిగా."