మేక కొమ్ముకి రెండు గీతలు

చెప్పండి చూద్దాం పిల్లలూ, మీ ఫోన్ నెత్తిన మెట్లలా నిలబడే చిన్న గీతలున్నాయే, అవి ఎక్కడినుంచి వస్తాయి?

గాలిలోంచి అంటాడు మన నీకో. టవర్‌లోంచి అంటుంది మారిసెల్. ఇద్దరికీ చెరి సగం మార్కులు. టవర్‌లోంచి బయల్దేరి గాలిలోనే వస్తాయి, కాకపోతే తిన్నగా వస్తాయి, టార్చిలైటు వెలుగులాగ. మధ్యలో బీరువా అడ్డం పెడితే దాని వెనక చీకటే కదా? మన ఊరు పెన్యా సోలాకి ఎదురుగా ఉన్న కొండే ఆ బీరువా. మీరు పుట్టకముందు టవర్ ఆ కొండకి అవతల, లోయ దాటాక ఉండేది. జీపు నడిపే తోబియాస్ దగ్గర కాస్త మంచి ఫోనుండేది, దాంట్లో వెతికితే 'దగ్గరి టవర్ నాలుగు కిలోమీటర్లు' అని చూపించేది. గద్దకి నాలుగు కిలోమీటర్లే. మనిషికి ఒక్క గీత కావాలంటే మాత్రం కొండ మీది ఒంటిరాయి దాకా గంటసేపు ఎక్కాలి. పెళ్ళి కబురైనా, ఆంబులెన్స్ అయినా, ముందు ఆ రాయెక్కాల్సిందే.

టవర్ కోసం ఆరేళ్ళు అర్జీలు పెట్టాం. రాసింది నేనే, తెల్ల కాగితం మీద, మార్జిను వదిలి మరీ. చివరికి ఒకరోజు రాజధాని నుంచి యాదిరా అనే ఇంజనీరమ్మ వచ్చింది. భుజాన సిగ్నల్ కొలిచే పెట్టె, చేతిలో ఒక ఫారం. ఆ ఏడాదికి మిగిలింది ఒక్క టవర్. అడిగిన ఊళ్ళు రెండు, మనదీ, లోమా సేకా. ఎవరికి అవసరమో తేల్చి రాయడం ఆ అమ్మాయి పని.

చిక్కేమిటంటే, నగరంలో ఎవరో టవర్ చుట్టూ గుండ్రంగా గీసి రంగు నింపిన పటంలో మన ఊరు కూడా రంగులోనే ఉంది. అంటే సిగ్నల్ ఉందని. పెట్టె పెడితేనేమో సున్నా. పటం ఒక మాట, పెట్టె ఒక మాట. పెట్టె చూసేది ఒక్క పూట, మిగతా రోజుల సంగతి ఊరివాళ్ళు చెప్పాలి కనక తగువు తీర్చేది ఊరివాళ్ళ నోటిమాట. ఫారంలో ఒకటే ప్రశ్న, రెండు గళ్ళు. 'ఇంటి దగ్గర సిగ్నల్ అందుతోందా? అవును, లేదు.' ఒకటో తరగతి పిల్లాడైనా రాసేయగల పరీక్ష.

కానీ మన ఊరికో జబ్బుంది. బయటివాళ్ళు వచ్చి "మీకు ఫలానాది ఉందా" అని అడిగితే "లేదు" అనడానికి నోరు రాదు. ఉప్పు నిండుకుంటే "మేం చప్పగానే తింటామండీ, ఒంటికి మంచిది" అంటాం. ఆ జబ్బు అందరికీ తలా కాస్త ఉండేది, మేక పెంచే ఎవెలియోకి మాత్రం ముదిరిపోయింది.

ఇంజనీరమ్మ క్రిసాంతా దుకాణం అరుగు మీద కూర్చుంది. క్రిసాంతా బెల్లం కాఫీ ఇచ్చింది. తోబియాస్ ఉన్నాడు, నేనున్నాను. ఎవెలియో టోపీ వెనక్కి నెట్టుకుని ఆ అమ్మాయికి ఎదురుగా పీట వేసుకున్నాడు. ఆ అమ్మాయి మర్యాదగా అడిగింది. "మీ ఇంటి దగ్గర సిగ్నల్ అందుతుందాండీ?"

"సిగ్నలా? సిగ్నల్‌కేం లోటమ్మాయ్! మొన్న మా ఇంటి పెంకు జారితే సర్దుదామని కప్పెక్కాను, జేబులో ఫోనుంది, ఊరికే తీసి చూద్దును కదా, ఒక గీత! జానెడు ఇటు జరిగితే లేదు, జానెడు అటు జరిగితే లేదు, సరిగ్గా పొగగొట్టం పక్కన మాత్రం ఉంది. సుద్దముక్కతో గుర్తు కూడా పెట్టుకున్నాను."

ఇంతవరకూ నిజమే అయ్యుండొచ్చు. ఎప్పుడైనా మబ్బు విడిచిన రోజున కొండ అంచు మీంచి ఒక్క గీత జారి పడుతుంది. అక్కడ ఆగితే పోయేది. కానీ ఆ అమ్మాయి పుస్తకం తెరిచి రాసుకోవడం మొదలెట్టింది. మన మాట ఎవరైనా రాసుకుంటున్నారంటే నాలుక మీద నెయ్యి పోసినట్టే.

"ఆ తర్వాత ఏమైందో తెలుసా? మా మేకుంది, మార్కేసా అని, దాని ఎడమ కొమ్ము మెలి తిరిగి ఆకాశాన్ని చూస్తుంటుంది, కుడి కొమ్ము సూటిగా లోయ అవతలికి, టవర్ వైపుకి. అది నా వెనకే కప్పెక్కింది. ఎక్కీ ఎక్కగానే గీతలు రెండయ్యాయి. అది దిగింది, గీత దిగింది. మళ్ళీ ఎక్కించాను, గీత ఎక్కింది. అప్పుడు తెలిసిందమ్మాయ్, పెద్ద చదువులు చదివినదానివి నీకు నేను చెప్పాలా, అవి కొమ్ములు కావు!"

"మరేంటి బావా?" అన్నాడు తోబియాస్, అంతా తెలిసి కూడా.

"ఏంటేంటి! యాంటెన్నాలు! ఫోన్ తాడేసి కొమ్ముకి కట్టాను. ఇక చూస్కో, ఫోన్ మోగకముందే మేక అరిచేది. మిస్డ్ కాలైతే ఒకసారి, మెసేజైతే రెండుసార్లు. రాంగ్ నంబరొస్తే ఎదురుగా ఎవరుంటే వాణ్ణి కుమ్మేది."

"నన్ను కుమ్మిందండీ," అన్నాడు తోబియాస్ ఇంజనీరమ్మతో, మోకాలు చూపిస్తూ. "ఎవడో పందుల బేరగాడి కాల్‌కి." ఆ మోకాలి దెబ్బ జీపు తలుపుది. నాకు తెలుసు, దూదీ మందూ పెట్టింది నేనే. అయినా నోరు మెదపలేదు. బయటి మనిషి ముందు మనవాడి పరువు తీయడం ఎందుకని.

ఆ అమ్మాయి తలొంచుకుని రాస్తోంది. "అంటే ఇంటి బయట, పగటిపూట, రెండు గీతలు."

"రెండా! నేను కథ ఎక్కడిదాకా చెప్పానని రెండు దగ్గరే ఆగిపోతావ్? వానాకాలం వచ్చేసరికి సిగ్నల్ పొంగింది తల్లీ. కప్పు మీంచి కారి పెరట్లో మడుగు కట్టేసింది. ఫోన్ నేల మీద పెడితే అయిదు గీతలు, గోతిలో పెడితే ఏడు. పల్లానికి పారేదాన్ని ఊరికే పోనిస్తామా? పార పట్టుకుని బోదె తవ్వాను, చిక్కుడు చేలోకి మళ్ళించాను. ఆ ఏడు కాసిన చిక్కుళ్ళు ఎలా కాసాయనుకున్నావ్, కాయ తెంపితే 'ట్రింగ్' మనేది! మా ఆవిడ కుండలో వేసి పొయ్యి మీద పెడితే పక్కూళ్ళో పెళ్ళి మాటలన్నీ కుండలోంచి వినపడేవి. కావాలంటే పంతులమ్మగారిని అడుగు, ఆవిడ అబద్ధం చెప్పదు. ఏమంటారు పంతులమ్మగారూ?"

ఇక్కడ మీకు నా సంగతి కూడా చెప్పాలి. అబద్ధం తప్పని ముప్పయ్యేళ్ళు బోర్డు మీద రాయించినదాన్ని. "చిక్కుళ్ళు బాగా కాసిన మాట నిజమే" అన్నాను. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. ఇంజనీరమ్మ అదీ రాసుకుంది.

ఎవెలియో పీట ఇంకాస్త ముందుకి లాక్కున్నాడు. "ఆ తర్వాత ఏమైందో తెలుసా? లోయ అవతల టవర్ ఎండిపోయింది! అక్కడి జనం ఫోన్లు పట్టుకుని కొట్టుకుంటున్నారు, గీత లేదు, గాడిద గుడ్డు లేదు. కాలవ నీళ్ళెవరో గండి కొట్టి తోడేస్తే కింది పొలాలు ఎండవూ? అట్లాగే. ఇనప టోపీలు పెట్టుకుని పదిమంది మనుషులు వెతుక్కుంటూ వెతుక్కుంటూ మా ఇంటికొచ్చారు. మార్కేసా ముందు టోపీలు తీసి నిలబడి, 'అయ్యా, మీ కాళ్ళు పట్టుకుంటాం, మీ మేక మొహం కాస్త అటు తిప్పించండి' అన్నారు. నేనన్నాను, తిప్పుతాను కానీ, ఆదివారాలు మాత్రం కుదరదు, ఆరోజు దానికి విశ్రాంతి అని."

"పాలో?" అన్నాడు తోబియాస్. "దాని పాల సంగతి చెప్పు బావా."

"ఆ, పాలు! గుర్తు చేశావ్. దాని పాలు తాగితే ఫోనే అక్కర్లేదు, బొడ్డు మీద వేలు పెట్టి నంబరు తలుచుకుంటే చాలు. ఓ తెల్లారుగట్ల గ్లాసుడు తాగి కూర్చున్నానా, కడుపులో గుర్రుగుర్రుమంది. ఎవరా అని ఎత్తితే మా అత్తగారు! ఆవిడ పోయి తొమ్మిదేళ్ళు! 'ఏమయ్యా ఎవెలియో, నా సమాధి మీద గడ్డి ఇంకా పీకలేదేం' అంటోంది. గొంతు ఎంత స్పష్టంగా ఉందంటే, బతికున్నప్పుడు పక్క గదిలోంచి తిట్టినా అంత బాగా వినపడేది కాదు. పై లోకానికి కూడా ఇక్కడినుంచి అయిదు గీతలమ్మా! రాజధానిలో ఉందా మీకది?"

తోబియాస్ అరుగు మీద చరిచి నవ్వాడు. నేను కొంగు అడ్డం పెట్టుకున్నాను. క్రిసాంతా ఒక్కతే నవ్వలేదు. లోపల గిన్నె తుడుస్తున్నది తుడుస్తున్నట్టే ఆగిపోయింది.

ఇంజనీరమ్మ ఆఖరి గుక్క కాఫీ తాగి, ఫారం తీసి మోకాలి మీద పెట్టుకుంది. "మంచిదండీ. మీరు తమాషాకి చెప్పినవి నేను రాయను. కానీ ఇందులో నాకు తెలిసిందొకటుంది. ఇంటి దగ్గర సిగ్నల్ ఉందని మీరన్నారు, ఈయన ఔనన్నారు, టీచరుగారు కాదనలేదు. పటం కూడా అదే అంటోంది. నా పెట్టె ఒక్కటే ఎదురు చెబుతోంది. ముగ్గురు మనుషుల మాటని ఒక పూట పెట్టె చూసి కొట్టిపారేయలేను. అందుకని 'అవును' గడిలో గుర్తు పెడుతున్నాను. టవర్ లోమా సేకాకి వెళుతుంది."

పెన్ను మూత తీసింది.

పిల్లలూ, ఎవెలియో పీట వెనక్కి జరుపుకున్నాడు. తోబియాస్ మోకాలు మడిచేసుకున్నాడు. ఆరేళ్ళ అర్జీలు నా కళ్ళ ముందు ఒక్కొక్కటీ కదిలాయి. ఒక్క 'లేదు' అంటే సరిపోతుంది. మా ముగ్గురిలో ఒక్కరికీ నాలుక తిరగలేదు. ఇప్పుడు లేదంటే ఇందాకటి నుంచి అబద్ధమాడినట్టు అవుతుందే, రాజధాని పిల్ల ముందు ఊరంతా అబద్ధాలకోరైపోతుందే అని. పరువు పోతుందనే భయం చూశారూ, దాని ముందు ఆంబులెన్స్ కూడా గుర్తుకు రాదు.

క్రిసాంతా బయటికొచ్చింది. చేతులు కొంగుకి తుడుచుకుంది. "ఆగమ్మా, ఒక్క నిమిషం," అంది ఇంజనీరమ్మతో. ఎవెలియో వైపు తిరిగింది. గొంతు పెంచలేదు.

"ఎవెలియో, మీ అత్తగారితో మాట్లాడావు కదా. మా ఆయన ప్లీనియోకి కూడా కలుపు."

"వదినా, అది ఊరికే సరదాకి..."

"కలుపు నాయనా. ఎక్కువసేపు మాట్లాడను. ఒక్క మాట అడగాలి ఆయన్ని. పోయిన ఏడు ఇదే అరుగు మీద ఆయన ఛాతీ పట్టుకుని కూలబడినప్పుడు, ఆంబులెన్స్‌కి ఫోన్ చేస్తానని ఒంటిరాయి దాకా పరిగెత్తింది నువ్వే కదా? చెప్పులు తెగితే వట్టికాళ్ళతో ఎక్కావు. నువ్వు తిరిగొచ్చేసరికి ఆయన లేడు. అది అడగాలి ఆయన్ని. ఇంటి కప్పు మీద సిగ్నల్ పెట్టుకుని, ఎవెలియో అంత దూరం ఎందుకు పరిగెత్తాడండీ అని."

ఎవెలియో టోపీ తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. దాని అంచు పట్టుకుని తిప్పుతూ కూర్చున్నాడు. ఆ టోపీ లేకుండా అతన్ని నేను ఎన్నడూ చూడలేదు. నడినెత్తిన జుట్టు లేదని ఆరోజే తెలిసింది.

ఇంజనీరమ్మ పెన్ను కాగితానికి వేలెడు ఎత్తున ఆపింది. "నేను మళ్ళీ అడుగుతానండీ," అంది మెల్లిగా, మంచి టీచర్లు అడిగినట్టు. "మీ ఇంటి దగ్గర సిగ్నల్ అందుతుందా?"

"లేదమ్మా."

"కప్పు మీద?"

"లేదు. ఒకసారెప్పుడో వచ్చిందేమో, నాకే నమ్మకం లేదు."

"మరి మేక?"

"మేకుంది. ఒట్టి మేక."

ఎవరూ నవ్వలేదు. తర్వాత ఆ అమ్మాయి తోబియాస్ వైపు తిరిగింది, వాడు "లేదండీ, ఈ దెబ్బ జీపు తలుపుదండీ" అన్నాడు. నా వైపు తిరిగింది. ముప్పయ్యేళ్ళు పలకల మీద దిద్దించిన రెండక్షరాలు. ఒకటో తరగతి పిల్లలా లేచి నిలబడి 'లేదు' అని అప్పజెప్పాను. క్రిసాంతాని ఆ అమ్మాయి అడగలేదు. రెండో గడిలో గుర్తు పెట్టి, ఫారం మడిచి సంచిలో పెట్టుకుంది. వెళ్ళేటప్పుడు కాఫీ గ్లాసు తనే లోపలికి తీసుకెళ్ళి కడిగిపెట్టింది.

మరుసటి ఏడు వానలు వెలిశాక టవర్ లేచింది. ఎవెలియో ఆర్నెల్లు నోరెత్తలేదు, అంతకన్నా ఓపిక పట్టడం అతని వల్ల కాలేదు. ఇప్పుడు కొత్తవాళ్ళెవరు కనపడ్డా చెబుతుంటాడు, టవర్ ఎక్కడ పాతాలో మార్కేసాయే గిట్టతో గీసి చూపించిందని, మంత్రిగారు దాని కొమ్ములతో ఫొటో దిగారని. చెప్పనీండి, ఎవరికీ నష్టం లేదు. కానీ ఆ టవర్ వచ్చింది అతని నోట్లోంచి వచ్చిన 'లేదు' వల్ల. జన్మంతా కోసిన కోతల్లో నిజంగా చెప్పుకోదగ్గది ఆ ఒక్క మాట. దాన్ని మాత్రం ఇంతవరకూ ఏ అరుగు మీదా చెప్పుకోలేదు మనిషి.

సరే, జరగండి జరగండి, మీకు వేయించి పెడదామని ఉప్పునీళ్ళలో పెద్ద చీమలు నానబోసి వచ్చాను. సగం వాటికి రెక్కలింకా తీయనేలేదు, పెనమేమో పొయ్యి మీద ఎర్రగా కాలిపోతూ ఉంటుంది.